గింజలాయప్ప

"మా యమ్మను నీళ్లపాలు చేసినోడు సచ్చినాడంట మ్మే" అన్నాడు మా ఇంటాయన, సంగటి ముద్ద విరుచుకుంటా. కమలాపురం పక్కనుంచి నూలు మూటలు తెచ్చినవాళ్లు ఎవరో చెప్పినారంట. "పీడ పోయె" అని, ఇంకొంచెం ఊరిబిండి వేయమన్నాడు.

వేసినా. 

ఆయప్పకు పేరు లేక కాదు. మా వీధిలో ఎవురూ ఆ పేరుతో పిలవలేదు, నేనూ ఇప్పుడు చెప్పను. గింజలాయప్ప అంటేనే అందరికీ తెలిసేది.

కర్నూలు రాజధానిగా ఉన్న రోజుల్లో, ఏటా దసరా అయిపోయినాక మైదుకూరులో మా మగ్గాల వీధికి వచ్చేవాడు. పొట్టి మనిషి. పంచె మోకాళ్ల పైకి ఎగ్గట్టి, మీద కాకీ చొక్కా. ఏ బస్సు కండక్టరు పారేసిన చొక్కానో, గుండీల్లో ఒకటే మిగిలింది. చేతిలో గొడుగు. గొడుగంటే గుడ్డ లేదు, ఊచలే. "ఇదేం గొడుగప్పా, వాన ఆపుతాదా?" అని ఎవరన్నా నవ్వితే, "మన సీమలో వానకు గొడుగెందుకప్పా? కొండలు సూపియ్యను తెచ్చుకున్యా" అనేవాడు.

కొండలు చూపించడమే ఆయప్ప పని. అట్లాంటి పని ఒకటి ఉంటుందని మాకు ఆయప్పను చూసేదాకా తెలీదు. కార్తీక సోమవారాల్లో ఎవురిదో బస్సు ఒక పూటకు మాట్లాడుకొని, జనాన్ని ఎక్కించుకొని, ప్రొద్దుటూరు, జమ్మలమడుగు దాటించి, గండికోట కొండల్లోనుంచి పెన్న బయటికొచ్చే చోటికి తీసుకుపోయేవాడు. అక్కడినుంచి మూడు పుట్లు. వెదురు బుట్టకు తోలు కట్టి తారు పూసిన గుండ్రటి పుట్లు. వాటిలో కూర్చోబెట్టి కొండల నడుమకు ఎగదోయించేవాడు. లోపల ఒక ఇసుక తిన్నె మీద వనభోజనం. గండి అడుగునుంచి ఎండ పోకముందే వెనక్కి.

మా గడప గడపకూ నిలబడి అడిగేవాడు. "ఏమమ్మా, మగ్గం గుంతలో కాళ్లు పెట్టుకొని, నూలు కండెలు సుట్టుకుంటా ఎన్నాళ్లు కూచుంటారు? ఒక్క పొద్దు రాండి. దేవుడు నేసిన దాన్ని సూపిస్తా." మా అత్త తలుపు చాటునుంచి, "కొండ యాడికి పోతాదిలేప్పా, వచ్చేయేడు సూస్తాం" అంటే, "కొండ యాడికీ పోదు తల్లీ, మనమే పోతాం" అని గొడుగూచతో ఆకాశం చూపించేవాడు. మా అత్త నవ్వి, పేరు చెప్పి పంపేది.

బస్సులో ఆయప్ప కూర్చోగా నేను చూడలేదు. డ్రైవరు పక్కన, దావకు వీపు పెట్టి, మా వైపు తిరిగి నిలబడేవాడు. "ముందుకు సూడప్పా, పడతావు" అని డ్రైవరు అరిస్తే, "దావతో నాకేం పని? ఈళ్ల మొగాలు సూస్తే గుంత వచ్చేది ముందే తెలుస్తాది" అనేవాడు. నిజంగానే గుంత రాకముందే కమ్మీ పట్టుకునేవాడు. మా ఆడవాళ్లకు అదొక వింత.

పోయిన కాడినుంచీ కథలే. ఈ బండ మీద పడిన గీత రాజుగారి ఏనుగు దంతం గీసిందని మొదటేడు చెప్పినాడు. మరుసటేడు అదే గీతను చూపించి, అమ్మవారు గోరుతో గీకిందన్నాడు. "పోయినేడు ఏనుగంటివి కదప్పా?" అని నేను అడిగితే ఒక్క క్షణం తత్తరపడి, "కొండకేం తల్లీ, ఏది చెప్పినా ఇంటాది. నువ్వెందుకు గుర్తుపెట్టుకుంటివి?" అన్నాడు. పుట్టిలో ఉన్నవాళ్లంతా పగలబడి నవ్వినారు.

అంత మాటకారికి నీళ్లంటే చచ్చేంత భయం. పుట్టి ఎక్కేముందు పెన్న నీళ్లు వేలితో తాకి కళ్లకద్దుకునేవాడు. ఎక్కినాక గొడుగు ఒడిలో పెట్టుకొని, రెండు చేతులా పుట్టి అంచు గట్టిగా పట్టుకునేవాడు. ఈత రాదు. పుట్టి తోసేవాళ్లు కావాలనే ఒకసారి గిర్రున తిప్పితే ఆయప్ప మొహం పాలిపోయేది, కానీ కథ మాత్రం ఆగేది కాదు.

గండి లోపలికి పోయినాక మాత్రం నోరు మూసేవాడు. రెండు పక్కలా ఎర్రకొండ, నిలువునా. బండలన్నీ కొలిచి ఒకదాని మీద ఒకటి పేర్చినట్టు ఉండేవి. పైన ఆకాశం చీర అంచంత. నీళ్లు కదిలేవి కావు, చల్లగా, నల్లగా. ఆ మధ్యలో పుట్లు ఆపించి, "ఇప్పుడు ఎవురినన్నా పిలవండి, కొండ పలుకుతాది" అనేవాడు. ఒకామె బిడ్డను పిలిచింది, ఒకామె దేవుణ్ణి పిలిచింది. మా అత్త సిగ్గుపడింది. మొగుడు పోయి ఎనిమిదేండ్లు, ఉన్నప్పుడే ఆయన పేరు పలకలేదు, ఇప్పుడేం పలుకుతుంది? అందరూ బలవంతం చేస్తే, ఇంట్లో నన్ను పిలిచినట్టే "మ్మే!" అని ఒక్క కేక పెట్టింది. రెండు కొండలూ "మ్మే, మ్మే" అని తిరిగి పిలిచినాయి. నేను పక్కనే కూర్చొని "ఏంది?" అన్నా. అందరూ నవ్వినారు. ఆ నవ్వు కూడా కొండల్లో శానాసేపు తిరిగింది.

అది మొదటి ఏడు. నా పెళ్లయిన ఏడు.

ఇంక గింజల సంగతి చెప్పాలి. బస్సు దిగేటప్పుడు ఆయప్ప మెట్టు దగ్గర నిలబడి ఒక్కొక్కరి చేతిలో ఒక చింతగింజ పెట్టేవాడు. ఒక పక్క రాతి మీద అరగదీసి తెల్లగా చేసిన గింజ. తిరిగి ఎక్కేటప్పుడు ఆ గింజ అదే మెట్టు దగ్గర ఆయప్ప చేతిలో వేయాలి. చదువు లేదు, అంకెలు ఇరవై దాకానే వచ్చు. ఇరవై కాగానే ఒకటి పక్కకు తీసి మళ్లీ మొదలుపెట్టేవాడు. చంకలో బిడ్డకూ గింజ ఇచ్చేవాడు. "పాలు తాగే బిడ్డకెందుకప్పా?" అంటే, "ఊపిరుండాదా, లేదా? ఉంటే గింజ" అనేవాడు. గింజలన్నీ తిరిగి సంచిలో పడేదాకా బస్సు కదలనిచ్చేవాడు కాదు.

ఒక్కటే గొడవ. మా వీధి ఆడవాళ్లు బయటి మగవాడి చేతికి ఎవరికి వాళ్లు ఏదీ అందియ్యరు. ఇంటికి ఒకరు, అందరివీ కలిపి ఇస్తారు. సంతలోనైనా అంతే. "ఎవురి గింజ వాళ్లే ఇయ్యండమ్మా, గింజకు నోరుంటాదా?" అని ఆయప్ప ప్రతిసారీ మొత్తుకునేవాడు. మావాళ్లు వినేవాళ్లు కాదు. మూడు గింజలు ఒక చేతినుంచి పడితే, తల ఎత్తి మూడు మొహాలు వెతికి చూసేవాడు. చూసినాకనే సంచిలో వేసేవాడు.

రెండో ఏడు మేము పోయిన పొద్దున ఇంట్లో రభస జరిగింది. నన్ను పుట్టింటికి పంపుతానని దసరాకు మాటిచ్చిన అత్త, ఆ పొద్దు కాదు పొమ్మంది. మగ్గం మీది చీరలు నేసి తెగేదాకా కండెలు ఎవరు చుట్టాలంట. నాకు ఒళ్లు మండింది. బావి దగ్గర, పదిమంది వింటాండగా, "నువ్వు పోతేగానీ ఈ ఇంట్లో నాకు ఊపిరాడదు" అన్నా. ఆ మాట ఇప్పటికీ నా నోట్లోనే ఉండాది, ఉమ్మినా పోదు.

మా ఇంటాయన మగ్గం దిగలేదు. అత్తా నేనూ బస్సెక్కినాం. ఎక్కినాక ఆమే కిటికీ పక్క చోటు నాకిచ్చింది, చూడు అని. నేను బయటికి మొహం తిప్పుకున్నా.

ఇసుక తిన్నె మీద తిండ్లు అయినాయి. అందరూ గంగమ్మకు పసుపు కుంకుమ వేసినాక, అత్త నీళ్లలో మూడు మునకలు మునగాలంది. తన కొంగు ముడి విప్పి చింతగింజ నా చేతిలో పెట్టింది. "తడిబట్టల్లో యాడన్నా పడిపోతాది, నీ కొంగులో కట్టుకో మ్మే" అంది. నేను కట్టుకున్నా. ఆమె మునిగి, పొడి చీర తీసుకొని బండల వెనక్కి పోయింది. మగ్గం పక్కన నలభై ఏండ్లు గడిపిన మనిషి, చెవులు సరిగ్గా వినపడవు.

అప్పుడు మబ్బు కమ్మింది. మా దగ్గర చినుకు లేదు, పైన ఎక్కడో ఉరుములు. ఆయప్ప ఒక్కసారిగా లేచి, నీళ్లు తాకి చూసి, "లేయండి, లేయండి! పైన పడతాండాది వాన, నీళ్లు తిరగబడతాయి" అని అరిచినాడు. జనం గిన్నెలు, బిడ్డలు, తడి గుడ్డలు చేతబట్టుకొని పుట్లలోకి పరుగెత్తినారు. నేను మొదటి పుట్టిలో పడినా. అత్త వెనక పుట్టిలో ఉందనుకున్నా. వెనక పుట్టివాళ్లు ముందు పుట్టిలో ఉందనుకున్నారు. వెతికి చూడొచ్చు కదా అంటే, చూడొచ్చు. నిజం చెప్తాండా, కోపం పోలేదు, ఆమె మొహం చూడబుద్ధి కాలేదు.

బస్సు దగ్గరికి వచ్చేసరికి వాన దంచుతోంది. ఆడవాళ్లంతా కొంగులు తలమీదికి లాక్కొని ఒకరినొకరు తోసుకుంటా ఎక్కుతాన్నారు. ఆయప్ప మెట్టు దగ్గర నిలబడి చెయ్యి చాపినాడు. నేను కొంగు విప్పి రెండు గింజలూ వేసినా.

"రెండేంది తల్లీ?"

"మా అత్తది. ఎనక వస్తాండాది."

ఆయప్ప నా వెనక్కి చూసినాడు. తలలు కప్పుకున్న ఆడవాళ్లు ఏడెనిమిది మంది ఉన్నారు. ఎవరు ఎవరో వానలో నాకే తెలీలేదు, ఆయప్పకేం తెలుస్తుంది? ఒక్క క్షణం ఆగినాడు. డ్రైవరు హారన్ కొట్టినాడు. రెండు గింజలూ సంచిలో వేసుకున్నాడు. అందరూ ఎక్కినాక ఇరవై లెక్కపెట్టి, మళ్లీ పదకొండు లెక్కపెట్టి, "సరిపాయె, పోనీ" అన్నాడు.

జమ్మలమడుగులో బస్సు ఆగినాక నేను లేచి వెనక్కి పోయి చూసినా. లేదు. ఒక్కో సీటూ చూసినా, లేదు. "మా అత్త యాడ?" అన్నా. ఆయప్ప నా మొహం చూసినాడు. గుంత వచ్చేది ముందే తెలుసుకునే మనిషి, అప్పుడు కమ్మీ పట్టుకోలేదు, మెట్టు మీద కూలబడినాడు.

బస్సు తిప్పుకొని మళ్లీ గండి దగ్గరికి పోయేసరికి ఇంకా వెలుతురుంది. ఆ వెలుతురు లేకున్నా బాగుండేది. పొద్దున నల్లగా నిలబడిన పెన్న ఎర్రగా, గండి నిండా, మాన్లనూ తుమ్మకంపనూ తోసుకొని బయటికొస్తోంది. పుట్లవాళ్లు పుట్లు బోర్లించేసినారు. "దీంట్లో దిగితే మేమూ ల్యాం, పుట్టీ లేదు" అన్నారు. వాళ్లను తప్పు పట్టేదానికి లేదు. ఆయప్ప చొక్కా విప్పి నీళ్లలో దిగినాడు. మోకాళ్లు, నడుము, రొమ్ము. ఈత రాని మనిషి కొండను పట్టుకొని పాకుతా, "ఓయమ్మా! ఓ తల్లీ!" అని కేకలేసినాడు. ఆమె పేరు ఆయప్పకు తెలీదు. నీళ్ల హోరులో కొండ కూడా పలకలేదు. పుట్లవాళ్లే జుట్టు పట్టుకొని ఒడ్డుకు లాగినారు.

లోపల ఆమె కూడా పిలిచింటుంది. ఎవర్ని పిలిచింటుందో నాకు తెలుసు. రెండు పక్కలా కొండలు "మ్మే" అని తిరిగి పిలుస్తాంటే, నేను పలికినాననుకొని ఎంతసేపు ఎదురు చూసిందో.

మూడో నాడు జమ్మలమడుగు కిందుగా ఇసుకలో దొరికింది.

పదకొండో రోజు కాగానే మా అరుగు మీద పెద్దమనుషులు కూర్చున్నారు. ఆయప్పను పిలిపించినారు. నేను తలుపు వెనక ఉన్నా. వీధి మొత్తం బావి దగ్గర నా మాట విన్నదే. ఇంకొక్క మాట చాలు, కోడలు కావాలనే వదిలేసి వచ్చిందని అనేదానికి. నా కడుపులో మూడో నెల. తలుపు పట్టుకొని నిలబడినా.

"ఎన్ని గింజలిస్తివి?" అని అడిగినారు.

"ఇరవై, మీద పదకొండు."

"ఎన్నొచ్చె?"

ఆయప్ప తలుపు వైపు చూసినాడు. నేను కనబడినానో లేదో. "ఇరవై, మీద పది" అన్నాడు.

సంచి బోర్లించమన్నారు. అరుగు మీద గింజలు పోసి లెక్కపెట్టినారు. ముప్పైయే ఉన్నాయి. ఆయప్ప ఎడమ పిడికిలి బిగించి ఉంది, అది నేను మాత్రమే చూసినా.

"మరి బస్సెందుకు కదిలిస్తివిరా?"

"వానప్పా. తొందర్లో లెక్క తప్పినా."

మా ఇంటాయన చెప్పు తీసుకొని ఆయప్ప మొహాన కొట్టినాడు. ఒకటి కాదు. ఎవరూ ఆపలేదు. ఆయప్ప చేతులు అడ్డం పెట్టుకోలేదు. నేను తలుపు వెనకే ఉన్నా. నోరు తెరిచుంటే ఒక్క మాట. తెరవలేదు.

మళ్లీ ఎవరూ ఆయప్పకు బస్సు ఇవ్వలేదు. ఏ ఊరికి పోయినా, మనిషిని గండిలో వదిలేసి వచ్చినోడు అనేవాళ్లు. రెండేండ్ల తర్వాత మైదుకూరు బస్సుల దగ్గర ఒకనాడు చూసినా. ఎర్రగడ్డల మూటలు మోస్తాన్నాడు. అదే కాకీ చొక్కా, ఆ ఒక్క గుండీ కూడా లేదు. ఒక బస్సు ఎక్కే జనాన్ని చూస్తా నిలబడి పెదాలు కదిలిస్తాన్నాడు. దగ్గరికి పోతే వినబడింది. ఆ బస్సుతో ఆయప్పకు ఏ సంబంధమూ లేదు, ఊరికే ఎక్కేవాళ్లను లెక్కపెడతాన్నాడు.

"అప్పా" అన్నా. గుర్తుపట్టినాడు. నా చంకలో బిడ్డను చూసినాడు.

"నేను చెప్పేస్తాప్పా. ఇంట్లో చెప్పేస్తా. నీకెందుకీ కర్మ?" అని ఏడ్చేసినా.

"సెప్తే ఆ యమ్మ లేచొస్తాదా?" అన్నాడు. "నువ్వు రెండిచ్చినప్పుడు ఆ మొగం యాడ అని నేను సూడాల్సింది. ప్రతిసారీ సూసేటోన్ని. ఆ పొద్దు సూడల్యా. తప్పు నాదే తల్లీ, నువ్వు ఇంటికి పో." మూట ఎత్తుకొని పోయినాడు. వెనక్కి తిరగలేదు.

నాకు ఆ మాట చాలింది. అదీ నా గుణం. ఇంటికొచ్చి అన్నం వండుకున్నా.

మొన్న చావు కబురు విన్నాక మాత్రం ఉండలేకపోయినా. పుట్టింటికని అబద్ధం చెప్పి కమలాపురం బస్సెక్కినా. అక్కడినుంచి రెండు క్రోసులు నడిస్తే ఆయప్ప ఊరు. గుడిసె ముందర ఆయప్ప భార్య చేటలో కొర్రలు చెరుగుతోంది. మైదుకూరు మగ్గాలవాళ్లమని చెప్తే చేట ఆపింది.

"ఆ నీళ్లలో పోయిన యమ్మ కోడలివా? తిట్టను వచ్చినావా? తిట్టు. ఇనేటోడు ల్యాడు, నేనే ఉండా" అంది. నేను మాట్లాడేలోపల తనే చెప్పుకుపోయింది. "నేనే తిట్టని రోజు లేదు. ముప్పై గింజలు లెక్కబెట్టను శాతగాని మొగుడివి, నా బిడ్డల నోట మన్ను కొడితివి అంటే, ఒక్కనాడూ బదులు చెప్పల్యా. సచ్చినాక స్నానం చేయిస్తాంటే మొలతాడుకు ఏదో గుడ్డ మూట. ఏమన్నా దాచినాడేమో అని ఇప్పితే చింతగింజ. ఒక పక్క తెల్లగా అరగదీసిన గింజ. దిబ్బలోకి ఇసిరేసినా."

"అది మా అత్తదమ్మా" అన్నా. మెట్టు దగ్గర జరిగిందీ, అరుగు మీద జరిగిందీ, అన్నీ చెప్పినా. లెక్క తప్పలేదని చెప్పినా.

ఆమె ఏడుస్తుందనుకున్నా, జుట్టు పట్టుకుంటుందనుకున్నా. చేట పక్కన పెట్టి, దిబ్బ వైపు చూసింది. "నాతోనన్నా సెప్పొచ్చు కదా" అంది, నాతో కాదు. తర్వాత నా వైపు తిరిగింది.

"మీ ఇంటాయనకు చెప్పినావా?"

"లేదు."

"చెప్పుతో కొట్టింది నేను కాదమ్మా, మీ ఇంటాయన. నాకు చెప్పి నీ బరువు దించుకొని పోదామని వచ్చినావా? పో. ఆడ చెప్పు."

మంచినీళ్లు కూడా అడగకుండా లేచి వచ్చినా. ఇల్లు చేరేసరికి ఇంకా పొద్దుంది. మా ఇంటాయన గుంతలో కూర్చొని నేస్తాన్నాడు, నాడె అటూ ఇటూ ఉరుకుతోంది. చెప్పులు గడప దగ్గర ఉన్నాయి.

"అప్పుడే వచ్చేస్తివే?" అన్నాడు తల ఎత్తకుండా.

"నీతో ఒక మాట చెప్పాల."

"చెప్పు."

"ఆ పొద్దు తిరిగొచ్చింది ముప్పై గింజలు కాదు. ముప్పై ఒకటి. అందులో రెండు నేనే ఇచ్చినా."

మగ్గం ఆగింది.